సాక్ష్యానికి బాణీ కట్టడం

నాజీ నిర్బంధ శిబిరాల మీద ‘నైట్ అండ్ ఫాగ్’ అనే డాక్యుమెంటరీ తీస్తున్న ఫ్రెంచ్ దర్శకుడు అలాన్ రెనే, 1955లో సంగీతం కోసం హాన్స్ ఐస్లర్‌ని పిలిపించుకున్నాడు. సినిమా నిడివి 32 నిమిషాలే. అందులో గుట్టలుగా పోసిన ఆడవాళ్ల జుట్టు ఉంది, ఖైదీల కళ్లజోళ్ల రాశి ఉంది, బుల్‌డోజర్ గుంతలోకి నెడుతున్న శవాలున్నాయి. ఇలాంటి బొమ్మల కింద ఏం వాయించాలి? వయొలిన్లన్నీ ఒక్కసారిగా లేచి రోదించాలా? మద్దెలలు దడదడలాడాలా?

ఐస్లర్ రెండూ చేయలేదు. తెర మీద ఘోరం పెరుగుతున్నకొద్దీ సంగీతాన్ని పలచన చేసుకుంటూ పోయాడు. ఒక ఫ్లూట్, దానికి తోడు ఒక క్లారినెట్, అక్కడక్కడా మీటి వదిలిన తీగలు. వినేవాడికి మొదట ఇదేమిటి ఇంత తేలిగ్గా ఉందనిపిస్తుంది. తర్వాత ఆ తేలికదనమే వెన్నులో చలి పుట్టిస్తుంది. ఆ శిబిరాల్లో హత్య ఒక ఆఫీసు పనిలా, లెక్కాపత్రంతో రోజువారీగా సాగిపోయింది. సంగీతం కూడా అలాగే, గొంతు పెంచకుండా, తన పని తాను చేసుకుపోతుంది.

ఇది ఆయనకు అప్పటికప్పుడు తట్టిన ఉపాయం కాదు. ఐస్లర్ సంగీతకర్త షోన్‌బర్గ్ దగ్గర చదువుకున్నాడు, బ్రెష్ట్ నాటకాలకు పాటలు కట్టాడు, హిట్లర్ రాకతో జర్మనీ వదిలి చివరికి హాలీవుడ్ చేరాడు. అక్కడ తత్త్వవేత్త తియోడోర్ అడోర్నోతో కలిసి సినిమా సంగీతం మీద రాసిన పుస్తకం 1947లో వచ్చింది. తెర మీద వాన పడితే వాద్యాల్లోనూ చినుకులు, తెర మీద ఏడుపుంటే వాద్యాల్లోనూ ఏడుపు అనే పద్ధతిని ఆ పుస్తకం చీల్చి చెండాడింది. మరుసటేడు కమ్యూనిస్టు ముద్రతో ఐస్లర్ అమెరికా వదలాల్సి వచ్చింది. పుస్తకంలో వాదించిన మాటకు ‘నైట్ అండ్ ఫాగ్’ అచ్చమైన ఉదాహరణ.

సామాజిక సమస్యల మీద తీసే డాక్యుమెంటరీలకు సంగీతం సమకూర్చేవాళ్లకు ఆనాటి చిక్కు ఇప్పటికీ తీరలేదు. కథా చిత్రంలో ఏడ్చేది నటి. గ్లిజరిన్ చుక్క, దర్శకుడి కేక, ఆపైన ముప్పై వయొలిన్లు, అంతా కలిపి ఒక కల్పన. ప్రేక్షకుడికీ ఆ సంగతి తెలుసు. డాక్యుమెంటరీలో కెమెరా ముందు కూర్చున్నది అప్పులపాలై భర్తను పోగొట్టుకున్న రైతు భార్య. ఆమె దుఃఖం ఆమెది. దానికి బాణీ కట్టే హక్కు ఎవరిచ్చారు? కడితే ఎంతవరకు కట్టాలి? ఆమె మాట పూర్తి కాకముందే సంగీతం లేచిందంటే, ఆమె చెప్పే విషయం కన్నా మనం కార్చాల్సిన కన్నీరే ముఖ్యమైపోయిందన్నమాట.

మన దగ్గర ఈ సంగీతానికి కొన్ని అరిగిపోయిన దారులున్నాయి. పల్లె అనగానే వేణువు. పేదరికం అనగానే షెహనాయి. పెద్ద నాయకుడెవరైనా కన్నుమూస్తే సంతాప దినాల్లో రేడియోలో, దూరదర్శన్‌లో రోజంతా వినిపించిన సారంగి తరహా విషాదం ఒక తరం చెవుల్లో అలా ఉండిపోయింది. డాక్యుమెంటరీ వాళ్లు దాన్ని చాలాకాలం వదల్లేదు. ఊరేగింపు వస్తే డప్పు. డప్పుకి పెళ్లి దెబ్బ వేరు, చావు దెబ్బ వేరు, జాతర దెబ్బ వేరు అని తెలిసిన చెవి, ధర్నా దృశ్యం కింద చావు దెబ్బ వినిపిస్తే నవ్వుకుంటుంది. పట్నం స్టూడియోలో కంప్యూటర్ లైబ్రరీలోంచి ఏదో ఒక ‘ఫోక్ డ్రమ్’ లాగి అతికించే ప్రోగ్రామర్‌కి ఆ తేడా పట్టదు.

అలాగని పాతకాలపు ప్రభుత్వ చిత్రాలన్నీ ఒకే మూసలో పోశారనుకోకూడదు. 1948లో మొదలైన ఫిల్మ్స్ డివిజన్ తీసిన చిన్న చిత్రాలు దేశంలోని సినిమా హాళ్లలో అసలు సినిమాకి ముందు తప్పనిసరిగా పడేవి. తెలుగు ప్రేక్షకుడు వాటిని ‘న్యూస్ రీలు’ అని ఒకే మాటలో తీసిపారేసి, ఆ పది నిమిషాల్లో వేరుశనక్కాయల పని చూసుకునేవాడు. ఆ చిత్రాల్లో ఎన్నింటికో సంగీతం చేసిన విజయ రాఘవరావు మద్రాసులో పుట్టిన వేణు విద్వాంసుడు, పండిట్ రవిశంకర్ శిష్యుడు. ప్రమోద్ పతి 1968లో తీసిన ‘ఎక్స్‌ప్లోరర్’లో వ్యాఖ్యానం అనేదే లేదు. యువతరం అలజడి మొత్తాన్ని తరుముకొచ్చే బొమ్మలు, వాటితో పోటీపడే శబ్దాలే చెబుతాయి. ప్రభుత్వ డబ్బుతో, ప్రభుత్వ భవనంలో కూర్చుని ఇంత విడ్డూరమైన సంగీతం చేయగలిగారంటే ఇప్పటి వాళ్లకు నమ్మకం కుదరదు.

డాక్యుమెంటరీకి పెద్ద సంగీతకారులతో రాయించుకోవడం అంతకు చాలా ముందే మొదలైంది. 1930ల్లో అమెరికా మధ్య మైదానాల్లో దుమ్ము తుఫానులు పొలాలను ఎడారి చేశాయి. గడ్డి భూములను అడ్డూ ఆపూ లేకుండా దున్నేయడం వల్లే ఈ గతి పట్టిందని చెప్పడానికి రూజ్‌వెల్ట్ ప్రభుత్వం 1936లో ‘ద ప్లౌ దట్ బ్రోక్ ద ప్లెయిన్స్’ తీయించింది. దర్శకుడు పేర్ లోరెంట్జ్, సంగీతం వర్జిల్ థామ్సన్. పారిస్‌లో చదువుకున్న థామ్సన్ ఇక్కడ మాత్రం పశువుల కాపర్లు పాడుకునే పాటలు, చర్చి కీర్తనల బాణీలు తీసుకుని వాద్యగోష్ఠికి అల్లాడు. ఆ రైతులకు తెలిసిన సంగీతంతోనే ఆ రైతుల నష్టం చెప్పాడు. లోరెంట్జ్ కూడా ఆ సంగీతం నడకను చూసుకుని ఎడిటింగ్ చేశాడు. అదే 1936లో ఇంగ్లండ్‌లో తపాలా శాఖ చిత్ర విభాగం తీసిన ‘నైట్ మెయిల్’కి 22 ఏళ్ల బెంజమిన్ బ్రిటన్ సంగీతం చేశాడు. కవి ఆడెన్ పద్యం, రైలు చక్రాల లయ, వాద్యాలు మూడూ ఒకే పరుగులో కలిసిపోతాయి. రాత్రంతా రైల్లో ఉత్తరాలు వేరుచేసే గుమాస్తాల కష్టానికి ఒక గౌరవం దక్కింది.

థామ్సన్ కథలో ఇంకో మలుపుంది. రాబర్ట్ ఫ్లాహర్టీ తీసిన ‘లూసియానా స్టోరీ’ (1948)కి ఆయన చేసిన సంగీతానికి 1949లో పులిట్జర్ బహుమతి వచ్చింది. సినిమా సంగీతానికి ఆ బహుమతి రావడం అదే మొదలు. ఆ సినిమాకి డబ్బు పెట్టింది ఎవరంటే స్టాండర్డ్ ఆయిల్ కంపెనీ. చిత్తడి నేలల్లో పెరిగే ఒక పిల్లవాడు, అక్కడికి చమురు తోడటానికి వచ్చిన యంత్రం, ఆ రెండింటి మధ్య స్నేహం. సంగీతం నిజంగానే అందంగా ఉంటుంది. అంత అందంగా ఉండబట్టే, చమురు వల్ల ఆ నీళ్లకు ఏమవుతుందన్న అనుమానం ప్రేక్షకుడికి రానే రాదు. దుమ్ము తుఫానుల గుట్టు విప్పిన చేతులే ఇక్కడ చమురు బావికి పన్నీరు చల్లాయి. డాక్యుమెంటరీ సంగీతం గురించి మాట్లాడేటప్పుడు డబ్బు ఎవరిదని అడగడం మర్యాద తక్కువేమీ కాదు.

ఇక ఈ పని ఎలా జరుగుతుందో చూద్దాం. తెలుగు సినిమా పరిశ్రమలో నేపథ్య సంగీతం చేసే దశను ‘రీ-రికార్డింగ్’ అంటారు. డాక్యుమెంటరీకీ అదే మాట వాడుకలో ఉంది, కాకపోతే పద్ధతిలో తేడా ఉంది. కథా చిత్రంలో సన్నివేశం ఎంత సేపు ఉంటుందో స్క్రిప్టు నుంచే ఒక అంచనా ఉంటుంది. డాక్యుమెంటరీలో వంద గంటల ఫుటేజీ నుంచి గంటన్నర సినిమాను ఎడిటింగ్ గదిలోనే వెలికి తీస్తారు. నెలల తరబడి వరసలు మారుతూనే ఉంటాయి. సంగీతం చేసేవాడు త్వరగా మొదలుపెడితే కట్టిన బాణీ మూడుసార్లు ముక్కలవుతుంది. ఆలస్యంగా వస్తే ఇంకో బెడద. ఎడిటర్ అప్పటిదాకా ఏదో హాలీవుడ్ సినిమా సంగీతాన్ని తాత్కాలికంగా వేసి పని నడిపించి ఉంటాడు. దాన్ని వందసార్లు విన్న దర్శకుడికి అదే నచ్చేస్తుంది. ‘అచ్చం ఇలాగే, కానీ ఇది కాకుండా’ కావాలంటాడు. డాక్యుమెంటరీలన్నీ ఒకేలా వినిపించడానికి సగం కారణం ఇదే.

దర్శకుడు, ఎడిటర్, సంగీత దర్శకుడు కలిసి సినిమా మొత్తం చూస్తూ సంగీతం ఎక్కడ మొదలవ్వాలి, ఎక్కడ ఆగాలి అని సమయం రాసుకుంటారు. ఆరితేరిన వాళ్లు మొదలయ్యే చోటు కన్నా ఆగే చోటు గురించే ఎక్కువ తగువు పడతారు. ఇంటర్వ్యూ మధ్యలో సంగీతం టక్కున ఆగిపోతే, ఆ తర్వాత వచ్చే మాట రెట్టింపు బరువుతో వినిపిస్తుంది. సంగీతం దాదాపు ఎప్పుడూ మాట తర్వాతే రావాలన్నది చాలామంది పాటించే పద్ధతి. సాక్షి చెప్పాల్సింది చెప్పేసింది, చూపు పక్కకు తిప్పుకుంది, కెమెరా ఇంకా ఆగలేదు. సంగీతం అవసరమైతే ఆ ఖాళీలో అడుగుపెడుతుంది. ముందే వస్తే, మాట కన్నా ముందు తీర్పు వచ్చినట్టు.

మాట కింద వాయించేటప్పుడు శాస్త్రం కూడా అడ్డం వస్తుంది. మనిషి మాట అర్థం కావడానికి కావాల్సిన శబ్దం చాలావరకు 300 నుంచి 3,000 హెర్ట్జ్‌ల మధ్యే ఉంటుంది. టెలిఫోన్‌లో మనం వినేది దాదాపు ఆ మేరకే. వయొలిన్, వేణువు, హార్మోనియం పలికే స్వరాల్లో చాలా భాగం కూడా అక్కడే. అందుకే సాక్షి మాట్లాడుతుండగా రాగం నడిపిస్తే రెండూ పోట్లాడుకుంటాయి. మిక్సింగ్‌లో సంగీతం శబ్దం తగ్గిస్తే అది ఈగ రొదలా మిగులుతుంది. కాబట్టి మాట కింద రాగం వద్దు, నిలకడ స్వరం చాలు. తంబూరా శ్రుతి లాంటి ఆధారం, లేదా చెల్లో మంద్రస్థాయిలో పట్టి ఉంచిన ఒక్క స్వరం. పెద్ద గొంతున్న ముసలాయన మాట్లాడుతుంటే మంద్రం కూడా అడ్డం వస్తుంది, అప్పుడు పైస్థాయిలో పలచటి గంట లాంటి శబ్దం వెతుక్కోవాలి. ఇదంతా చేశాక ప్రేక్షకుడు సంగీతం ఉందనే గమనించకపోతే సంగీత దర్శకుడు సంతోషించాలి. అదొక వింత వృత్తి.

అసలు శబ్దంతో ఇంకో తంటా. ఇంటర్వ్యూ టీ కొట్టు దగ్గర తీశారనుకుందాం, వెనక రేడియోలో ఇళయరాజా పాట వస్తోంది. మాటల మధ్య కత్తెర వేసినప్పుడల్లా వెనక పాట ఎగిరిపోతుంది. సంగీతం చేసేవాడు ఆ గతుకుల మీద ఏదో ఒకటి కప్పాలి. తెర మీద గంభీరంగా వినిపించే కొన్ని స్వరాలు ఇలాంటి అతుకులు దాచడానికి పుట్టినవే.

అందరూ ఐస్లర్‌లా తగ్గించే దారినే పట్టలేదు. ఎరల్ మారిస్ తీసిన ‘ద థిన్ బ్లూ లైన్’ (1988)లో ఫిలిప్ గ్లాస్ సంగీతం మొదటి నుంచి చివరిదాకా వెంటాడుతుంది. డాలస్‌లో 1976లో ఒక పోలీసు హత్య జరిగింది. చేయని నేరానికి రాండల్ డేల్ ఆడమ్స్‌కి మరణశిక్ష పడింది, తర్వాత అది యావజ్జీవంగా మారింది. సినిమాలో సాక్షులు ఒక్కొక్కరూ ఒక్కో కథ చెబుతారు, ఆ రాత్రి మళ్లీ మళ్లీ తెర మీద జరుగుతుంది, ప్రతిసారీ ఏదో ఒక చిన్న తేడాతో. గ్లాస్ సంగీతం స్వభావమే అది. ఒకే స్వరాల గుంపు తిరుగుతూ తిరుగుతూ ఒక్క స్వరం మార్చుకుంటుంది. కేసు ఎక్కడ మెలిక పడిందో సంగీతమే నడిచి చూపిస్తుంది. సినిమా వచ్చిన మరుసటి ఏడాది, 1989లో, ఆడమ్స్ విడుదలయ్యాడు. ఇక్కడ సంగీతం జాలి అడగదు, అనుమానం నాటుతుంది. జాలి కన్నా అనుమానం కోర్టులో ఎక్కువ పనికొచ్చింది.

వ్యంగ్యానికి వాడుకున్నవాళ్లూ ఉన్నారు. మైకేల్ మూర్ ‘బౌలింగ్ ఫర్ కొలంబైన్’ (2002)లో అమెరికా జోక్యం చేసుకున్న దేశాల్లో జరిగిన నెత్తుటి ఘటనలను వరసపెట్టి చూపిస్తూ, లోకం ఎంత అందమైనదో చెప్పే లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్ పాటను కింద వేశాడు. దెబ్బ తగిలింది, కాకపోతే ఈ ఎత్తు ఒకసారికే. ఆ తర్వాత దాన్ని అనుకరించిన సినిమాలకు లెక్కే లేదు.

అసలు సంగీతమే వద్దన్నవాళ్ల మాట కూడా వినాలి. అమెరికన్ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్ 1967లో మానసిక రోగులైన ఖైదీల ఆసుపత్రి మీద తీసిన ‘టిటికట్ ఫాలీస్’ నుంచి దశాబ్దాల పాటు ఆసుపత్రులు, బడులు, కోర్టులు, సంక్షేమ కార్యాలయాల మీద సినిమాలు తీశాడు. నేపథ్య సంగీతం జోలికి పోలేదు. అక్కడ ఎవరైనా పాడితే, రేడియో మోగితే అదే. క్లోద్ లాంజ్‌మన్ తొమ్మిదిన్నర గంటల ‘షోవా’ (1985)లోనూ అంతే. అయితే ఆ సినిమా మొదలయ్యేది ఒక పాటతో. పోలండ్‌లోని హెల్మ్నో శిబిరం నుంచి బతికి బయటపడిన అతి కొద్దిమందిలో సిమోన్ స్రెబ్నిక్ ఒకరు. పదమూడేళ్ల వయసులో నాజీ సైనికులు అతన్ని పడవలో తిప్పుతూ పాటలు పాడించుకునేవారు. లాంజ్‌మన్ అతన్ని నడివయసులో అదే నది మీదికి తీసుకొచ్చి పాడమన్నాడు. ఒడ్డున ఉన్న ఊరివాళ్లకు ఆ గొంతు గుర్తుంది. ఇక ఏ సంగీత దర్శకుడైనా దానికి చేర్చగలిగింది ఏముంటుంది?

అంటే సంగీతం ఒకరు తెచ్చి పోసేది కానక్కర్లేదు, ఆ మనుషుల దగ్గరే ఉండొచ్చు. కెంటకీ బొగ్గుగని కార్మికుల సమ్మె మీద బార్బరా కాపుల్ తీసిన ‘హార్లన్ కౌంటీ, యూఎస్ఏ’ (1976)కి ఆస్కార్ వచ్చింది. అందులో వినిపించే హేజెల్ డికెన్స్ స్వయంగా గని కార్మికుల కుటుంబం నుంచి వచ్చిన గాయని. 1930ల సమ్మెలో పాట కట్టిన ఫ్లోరెన్స్ రీస్ ముసలితనంలో వచ్చి ఈ సమ్మె సభలో అదే పాట పాడుతుంది. నలభై ఏళ్లలో ఏమీ మారలేదని వ్యాఖ్యాత చెప్పనక్కర్లేకపోయింది.

ఈ దారిలో మన దేశంలో అందరికన్నా దూరం నడిచింది ఆనంద్ పట్వర్ధన్. ముంబై మురికివాడల కూల్చివేతల మీద 1985లో తీసిన ‘హమారా షహర్’లో విలాస్ ఘోగ్రే అనే దళిత గాయకుడు పాడతాడు. 1997 జులై 11న ఘాట్‌కోపర్‌లోని రమాబాయి నగర్‌లో అంబేడ్కర్ విగ్రహానికి చెప్పుల దండ వేశారు. నిరసనకు దిగినవాళ్ల మీద పోలీసులు కాల్పులు జరిపితే పదిమంది చనిపోయారు. కొద్దిరోజులకే ఘోగ్రే ఉరి వేసుకున్నాడు. తన సినిమాలో పాడిన మనిషి ఎందుకిలా చేశాడని వెతుక్కుంటూ పట్వర్ధన్ పద్నాలుగేళ్లు చిత్రీకరించిన సినిమా ‘జై భీమ్ కామ్రేడ్’ (2011). మూడు గంటలు దాటిన ఆ సినిమాను అదుపు తప్పకుండా నడిపించేది పాటే. వీధి మూలల్లో పాడే షాహిర్లు, పెళ్లిళ్లలో అంబేడ్కర్ మీద పాటలు, బుద్ధుడి మీద పాటలు, కబీర్ కళా మంచ్ అనే బృందంలోని యువకుల పాటలు. కాల్పుల కేసు వివరాలను ఎంత ఓపికగా చెబుతుందో, పాటలను కూడా అంత ఓపికగా, చరణాలు కోసేయకుండా వినిపిస్తుంది. మామూలు డాక్యుమెంటరీలో పాట రెండు ఇంటర్వ్యూల మధ్య ఊపిరి తీసుకోవడానికి వస్తుంది. ఇక్కడ పాటే వాంగ్మూలం. ఒక కులం తన చరిత్రను పుస్తకాల్లో కాక గొంతుల్లో దాచుకుంటే, దాని మీద సినిమా తీసేవాడికి వేరే సంగీత దర్శకుడితో పనేముంది? సినిమా పూర్తయ్యేసరికి కబీర్ కళా మంచ్ కళాకారుల మీద నక్సలైట్ల ముద్ర పడింది, కొందరు అజ్ఞాతంలోకి వెళ్లారు. పాడటం వల్ల ఇంత జరుగుతుందని కూడా అందులో నమోదైంది.

ఒడిశా కాశీపూర్‌లో బాక్సైట్ తవ్వకాలకు ఎదురు నిలిచిన ఆదివాసీ నాయకుడు భగవాన్ మాఝీ పాట స్ఫూర్తితో ఝార్ఖండ్ దర్శకుడు మేఘనాథ్ రాసిన ‘గావ్ ఛోడబ్ నాహీ’ (ఊరు వదలం) పాట ఇంకో రకం. కె.పి. శశి దాన్ని కొన్ని నిమిషాల చిత్రంగా తీశాడు. పాడిన మధు మన్సూరీ హస్ముఖ్‌కి 2020లో పద్మశ్రీ వచ్చింది. ఊరు ఖాళీ చేయమన్న ప్రతిచోటా ఆ పాట వినిపిస్తోంది, సినిమా పేరు తెలియనివాళ్ల నోట కూడా.

తెలుగు నేల మీద ఈ పనికి ముడిసరుకు పోగవుతున్న చోటు ఒకటుంది. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల దళిత మహిళలు కెమెరా నేర్చుకుని, బీటీ పత్తితో వరంగల్ రైతులు ఎలా నష్టపోయారో సొంతంగా సినిమా తీశారు. 2008లో మాచునూరులో మొదలైన సంఘం రేడియోలో నాట్ల పాటలు, విసురు పాటలు, పండగ పాటలు ఆ చుట్టుపక్కల ఊళ్ల ఆడవాళ్లే పాడి, రికార్డు చేసి, వినిపిస్తారు. రేపు ఎవరైనా చిరుధాన్యాల మీద డాక్యుమెంటరీ తీస్తూ స్టూడియోలో కీబోర్డు మీద ‘పల్లె వాతావరణం’ తయారు చేయించబోతే, ముందు అక్కడికి వెళ్లి విని రమ్మని చెప్పొచ్చు.

వెళ్లి విన్నాక తెచ్చుకోవడానికి హక్కు ఎవరు ఇవ్వాలి? ఈ ప్రశ్న చిన్నదేం కాదు. అమెరికా నల్లవారి పౌరహక్కుల పోరాటం మీద హెన్రీ హాంప్టన్ నిర్మించిన ‘ఐస్ ఆన్ ద ప్రైజ్’ 1987లో టీవీలో మొదలై 14 భాగాలుగా వచ్చింది. అందులోని పాటలకు, పాత చిత్రాలకు తీసుకున్న అనుమతుల గడువు 1990ల మధ్యలో తీరిపోయింది. మళ్లీ కొనడానికి డబ్బు లేక సిరీస్ మొత్తం కొన్నేళ్లపాటు ప్రసారం కాలేదు, కొత్త కాపీలు అమ్మకానికి రాలేదు. దాతల డబ్బుతో అనుమతులు తిరిగి సంపాదించి 2006లో మళ్లీ చూపించగలిగారు. అందులో మార్టిన్ లూథర్ కింగ్‌కి అనుచరులు పుట్టినరోజు పాట పాడే దృశ్యం ఉంది. లోకమంతా పాడుకునే ‘హ్యాపీ బర్త్‌డే’కి అప్పట్లో ఒక కంపెనీ రుసుము వసూలు చేసేది. ఆ కంపెనీ కాపీరైట్ చెల్లదని అమెరికా కోర్టు తేల్చింది 2015లో.

దీనికి ఎదురు ఉదాహరణా ఉంది. అమెరికా నిఘా రహస్యాలు బయటపెట్టిన ఎడ్వర్డ్ స్నోడెన్ మీద లారా పోయిట్రస్ తీసిన ‘సిటిజన్‌ఫోర్’ (2014)లో వినిపించేది నైన్ ఇంచ్ నెయిల్స్ బృందం 2008లో విడుదల చేసిన ‘గోస్ట్స్’ ఆల్బమ్‌లోని సంగీతం. లాభాపేక్ష లేకుండా వాడుకునేవాళ్లకు ఆ ఆల్బమ్‌ని బృందమే ఉచితంగా వదిలేసింది. డబ్బు లేని దర్శకులకు ఇలాంటివి పెద్ద ఆసరా.

మన కాపీరైట్ చట్టానికి 2012లో చేసిన సవరణ సినిమా పాట రాసినవాళ్లకు, బాణీ కట్టినవాళ్లకు రాయల్టీలో వాటా ఖాయం చేసింది. అయితే నాట్లు వేస్తూ పాడే పాటను ఎవరు కట్టారో ఊళ్లో ఎవరికీ తెలియదు, రాసిపెట్టిన కాగితం ఉండదు. డాక్యుమెంటరీ వాళ్లు దాన్ని రికార్డు చేసుకుంటారు, నగరంలో దాని కింద చెల్లో పెడతారు, టైటిళ్లలో సంగీత దర్శకుడి పేరు ఒక్కటే పడుతుంది. పాడిన మనిషి పేరు రాయడానికి, రికార్డింగ్ రోజునే ఆమెకు గాయనిగా డబ్బు ఇవ్వడానికి చట్టం మారేదాకా ఆగనక్కర్లేదు. బడ్జెట్ కాగితంలో కెమెరా అద్దె కింద ఇంకో వరుస చేరిస్తే సరిపోతుంది.